ఏటి లెక్క, నూతి లెక్క

(శ్రీకాకుళంలో ఇంజనీరింగ్ విద్యార్థులు, జలవనరుల సిబ్బంది, రైతుల ఎదుట చేసిన ప్రసంగానికి అక్షర రూపం)

అందరికీ నమస్కారం. ఎండలో ఇంత దూరం వచ్చిన రైతులకు ప్రత్యేకంగా దండాలు. ఈ పని చివరికి మీ పొలం దాకా రాకపోతే దాని వల్ల ఉపయోగం లేదు.

వానాకాలంలో వంశధార పొంగితే మన జిల్లాలో అందరి నోటా ఒకే ప్రశ్న. గొట్టా బ్యారేజీ దగ్గర ఎన్ని క్యూసెక్కులు? నాగావళి పొంగితే తోటపల్లిలో ఎంత, నారాయణపురం ఆనకట్ట మీద ఎంత? టీవీలో ఒక అంకె వస్తుంది, వింటాం. ఆ అంకె ఎక్కడి నుంచి పుట్టింది, రేపటి అంకెను ఈ రోజే చెప్పాలంటే ఏం చేయాలి, నూతిలో నీటికి దానితో ఏం సంబంధం, ఈ మూడూ చెబుతాను.

ముందు ఒక విషయం స్పష్టం చేసుకుందాం. ఏటి ఒడ్డున నిలబడి క్యూసెక్కులు చూసేవాళ్లు ఎవరూ లేరు. కనబడేది మట్టం ఒక్కటే. వంతెన స్తంభానికి గీసిన గేజి మీద ఇన్ని మీటర్లు, ఇన్ని సెంటీమీటర్లు అని చదువుతారు, లేదా రాడార్ సెన్సార్ చదివి ఉపగ్రహం ద్వారా పంపుతుంది. బ్యారేజీ దగ్గరైతే గేటు ఎంత ఎత్తారు, ఎగువన ఎంత మట్టం, దిగువన ఎంత అని చూసి సూత్రంలో వేస్తారు. ఎక్కడైనా ప్రవాహం అనేది లెక్క కట్టిన అంకె, చదివిన అంకె కాదు. ఈ తేడా తెలియకపోతే కంప్యూటర్ ముందు కూర్చుని చేసే పనంతా ఇసుక మీద కట్టిన గోడే.

మట్టాన్ని ప్రవాహంగా మార్చాలంటే ఏడాదిలో వీలైనన్ని సార్లు, వేర్వేరు మట్టాల దగ్గర, నేరుగా కొలవాలి. వంతెన మీద నుంచి ఏటిని 20 నుంచి 25 నిలువు ముక్కలుగా విడగొడతారు. ఏ ముక్కలోంచీ మొత్తం ప్రవాహంలో పదో వంతు కంటే ఎక్కువ పోకుండా చూసుకోవాలి. నడి ఏట్లో ముక్కలు ఇరుకుగా, ఒడ్డుల దగ్గర వెడల్పుగా ఉంటాయి. ప్రతి ముక్క దగ్గరా లోతు చూసి, చేప ఆకారపు బరువు కట్టిన కరెంట్ మీటర్‌ను దించుతారు. దాని కప్పులు నీటి వేగానికి తిరుగుతాయి. ఒక నిమిషంలో ఎన్ని చుట్లు తిరిగిందో లెక్కపెట్టి, మీటర్‌తో వచ్చిన పట్టిక ప్రకారం వేగం తీస్తారు. ఆ పట్టికకూ కాలం చెల్లుతుంది. బేరింగ్ అరిగితే మీటర్ నెమ్మదిగా తిరుగుతుంది, ఏరు నెమ్మదించినట్టు కనబడుతుంది. అందుకే మీటర్‌ను అప్పుడప్పుడు పుణెలోని కేంద్ర జల, విద్యుత్ పరిశోధన కేంద్రం (సీడబ్ల్యూపీఆర్ఎస్) లాంటి చోటికి పంపి మళ్లీ సరిచూడాలి.

ఒక ముక్కను దగ్గరగా చూద్దాం. వెడల్పు 2 మీటర్లు, లోతు 1.8 మీటర్లు. పైనుంచి లోతులో ఐదో వంతు, అంటే 36 సెంటీమీటర్ల దగ్గర ఒకసారి, ఐదింట నాలుగు వంతులు, అంటే 1.44 మీటర్ల దగ్గర ఇంకోసారి కొలవాలి. పైన సెకనుకు 0.9 మీటర్లు, కింద 0.5 వచ్చింది అనుకుందాం. సగటు 0.7. ఆ ముక్కలోంచి 2 × 1.8 × 0.7, అంటే సెకనుకు 2.52 ఘనపు మీటర్లు. ఇలా అన్ని ముక్కలూ కూడితే ఏటి ప్రవాహం. లోతు బాగా తక్కువ ఉన్న చోట ఒకే కొలత చాలు, పైనుంచి పదింట ఆరు వంతుల లోతులో. ఉధృతమైన వరదలో మీటర్ దించలేం, కొట్టుకొచ్చే చెట్లు దాన్ని తెంపుకుపోతాయి. అప్పుడు పైన తేలేవాటి వేగం చూసి 0.85తో గుణిస్తారు, ఎందుకంటే అడుగు నీరు పైనీటి కంటే నెమ్మదిగా పోతుంది. ఇప్పుడు వంతెన మీద కెమెరా పెట్టి, నురుగూ చెత్తా కదిలే తీరును బట్టి పైవేగం తీసే ప్రోగ్రాములు వచ్చాయి. ఇవి మన ఏర్లకు బాగా పనికొస్తాయి. వరద ఉధృతంగా ఉన్నప్పుడు మనిషిని వంతెన మీదికి పంపనక్కర్లేదు.

ఇలా వచ్చిన జతలను, ఈ మట్టానికి ఇంత ప్రవాహం అని, కాగితం మీద చుక్కలుగా పెట్టి గీసేదే రేటింగ్ కర్వ్. ప్రవాహం సున్నా అయ్యే మట్టాన్ని ముందు కనుక్కుని, దానికి పైన ఉన్న లోతును ఒక ఘాతానికి పెంచి, ఒక స్థిరాంకంతో గుణిస్తే ప్రవాహం. అసలు గొడవంతా ఆ ఘాతం దగ్గరే. 3 మీటర్ల లోతు దాకా కొలతలున్నాయి, అక్కడ ప్రవాహం 500 క్యూమెక్కులు, అంటే సెకనుకు 500 ఘనపు మీటర్లు. వరద 6 మీటర్లకు వచ్చింది, అక్కడ ఎవరూ ఎప్పుడూ కొలవలేదు. ఘాతం 1.8 అనుకుంటే 1,740 క్యూమెక్కులు, 2.1 అనుకుంటే 2,140. కింద ఉన్న చుక్కలకు రెండు గీతలూ దాదాపు ఒకేలా అతుకుతాయి. తేడా 400 క్యూమెక్కులు, అంటే 14 వేల క్యూసెక్కులు. దిగువ ఊళ్లను ఖాళీ చేయించాలా వద్దా అనే నిర్ణయం ఆ తేడాలోనే పడవచ్చు.

కాబట్టి పెద్ద వరద తగ్గిన మర్నాడే చేయాల్సిన పని ఒకటుంది. గోడల మీద, చెట్ల మీద, వంతెన కాళ్ల మీద బురద గీత ఎక్కడి దాకా ఉందో లెవెల్ పెట్టి కొలవాలి. రెండు మూడు చోట్ల కొలిస్తే వరద ఉపరితలం వాలు తెలుస్తుంది, ఏటి అడ్డకోత సర్వే చేస్తే వైశాల్యం తెలుస్తుంది. మానింగ్ సూత్రంలో గరుకు గుణకం వేసి ప్రవాహం తీయవచ్చు. శుభ్రమైన ఇసుక ఏటికి ఆ గుణకం 0.03 ప్రాంతం, తుప్పలూ రెల్లూ కమ్మిన ఒడ్డుకు దానికి రెట్టింపు. హెచ్ఈసీ-రాస్ ప్రోగ్రాం ఇదే లెక్కను అడ్డకోతలన్నిటి మీదా ఒకేసారి చేస్తుంది. అమెరికా సైన్యపు ఇంజనీర్ల విభాగం తయారుచేసింది, డబ్బు కట్టనక్కర్లేదు. కానీ రెండు వానలు పడితే బురద గీత చెరిగిపోతుంది. చెరిగాక ఏ ప్రోగ్రామూ దాన్ని తిరిగి తేలేదు.

రేటింగ్ కర్వ్ ఒకసారి గీస్తే శాశ్వతం అనుకోకండి. మనవి ఇసుక ఏర్లు. ఒక వరద మేట వేస్తుంది, ఇంకో వరద కోసుకుపోతుంది. ఇసుక తవ్వకాలతో ఏటి అడుగు దిగిపోయిన చోట అదే ప్రవాహం తక్కువ మట్టంలో పోతుంది. పాత కర్వ్ వాడితే వరద చిన్నదిగా కనబడుతుంది. దిగువన బ్యారేజీ గేట్లు దించితే నీరు వెనక్కి తన్ని, మట్టం పెరుగుతుంది గాని ప్రవాహం పెరగదు. కళింగపట్నం, కల్లేపల్లి వైపు వెళితే సముద్రపు పోటు అదే పని చేస్తుంది. అక్కడ మట్టం ఒక్కదాన్ని బట్టి ప్రవాహం చెప్పకూడదు. ఇంకొకటి, వరద పెరిగేటప్పుడు ఒక మట్టం దగ్గర పోయే నీరు, తగ్గేటప్పుడు అదే మట్టం దగ్గర పోయే నీటి కంటే ఎక్కువ. పెరిగేటప్పుడు నీటి ఉపరితలం ఎక్కువ వాలుగా ఉంటుంది కాబట్టి.

ఇక వాన నుంచి ప్రవాహానికి వద్దాం. ముందస్తు అంచనా ఇక్కడే మొదలవుతుంది.

విద్యార్థులు చేసే మోడళ్లలో, అంటే వాన ఇస్తే ప్రవాహం చెప్పే కంప్యూటర్ లెక్కల్లో, అన్నిటికంటే ఎక్కువగా కనబడే తప్పు తేదీది. వాతావరణ శాఖ వర్షం లెక్క ఉదయం 8:30 నుంచి మర్నాడు ఉదయం 8:30 దాకా, కొలిచిన రోజు తేదీ కింద రాస్తారు. తిత్లీ తుపాను 2018 అక్టోబర్ 11 తెల్లవారుజామున పలాస దగ్గర తీరం దాటింది. ఆ రాత్రి కురిసింది 11వ తేదీ కింద పడుతుంది. తెల్లారాక 11వ తేదీ పగలంతా కురిసింది 12వ తేదీ కింద పడుతుంది. ఏటి గేజి మాత్రం గంట గంటకూ చదువుతాం. ఈ రెండిటినీ తేదీలు చూసి అలాగే జతచేస్తే వాన పడకముందే వరద వచ్చినట్టుంటుంది. ఉపగ్రహ వర్షమైతే గ్రీనిచ్ కాలంలో వస్తుంది, మన గడియారానికి 5 గంటల 30 నిమిషాలు కలపాలి. మోడల్‌కు ఇది తెలియదు. అది తన లోపలి అంకెలను వంచుకుని తప్పు తేదీకి సర్దుకుంటుంది, మంచి మార్కులు కూడా తెచ్చుకుంటుంది, నిజమైన వరదకు ఒక రోజు తప్పు చెబుతుంది.

ఇప్పుడు వానలో ఎంత పారుతుంది, ఎంత ఇంకుతుంది? కర్వ్ నంబర్ పద్ధతి అందరికీ తెలిసిందే. నేల, పంట, వాలు చూసి ఒక అంకె ఇస్తాం. మామూలు తడి ఉన్న నేలకు 75 అనుకుందాం. 100 మిల్లీమీటర్ల వాన పడితే 41 మిల్లీమీటర్లు పారుతుంది. 150 పడితే 81. వాన ఒకటిన్నర రెట్లయితే పారే నీరు రెట్టింపు. ఇంకా ముఖ్యమైనది, అంతకుముందు నాలుగైదు రోజులు ముసురు పట్టి నేల నానిపోయి ఉంటే అదే నేల అంకె 87కు పెరుగుతుంది. అప్పుడు అదే 100 మిల్లీమీటర్లకు 66 పారుతుంది. చదరపు కిలోమీటరు మీద 1 మిల్లీమీటరు అంటే వెయ్యి ఘనపు మీటర్లు. 100 చదరపు కిలోమీటర్ల గెడ్డ (వాగు) పరీవాహంలో 41కీ 66కీ తేడా 25 లక్షల ఘనపు మీటర్లు. జూన్‌లో పడిన వానకూ అక్టోబర్‌లో పడిన వానకూ ఏరు వేరుగా జవాబిచ్చేది ఇందుకే.

మన శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో దీనికి ఇంకో మెలిక ఉంది, చెరువులు. ఊరూరా గొలుసు చెరువులు, ఒకదాని అలుగు నీరు ఇంకోదానికి. సీజన్ మొదట్లో వానలు చెరువులు నింపడానికే సరిపోతాయి, గెడ్డలో పెద్దగా కనబడవు. చెరువులన్నీ అలుగు పారాక పడిన వాన ఆగే చోటు లేక నేరుగా ఏట్లోకి దూకుతుంది. వేరే దేశంలో తయారైన మోడల్‌లో ఈ చెరువులు ఉండవు. వాన నుంచి ప్రవాహం లెక్కగట్టే హెచ్ఈసీ-హెచ్ఎంఎస్‌లో ప్రతి గెడ్డ పరీవాహానికీ చెరువులన్నిటినీ కలిపి ఒక జలాశయంగా పెట్టి, నిండే దాకా ఆపి, నిండాక వదిలేలా అమర్చండి. ఒక్కో చెరువునూ విడిగా పెట్టనక్కర్లేదు. మొత్తం నిల్వ, అలుగు మట్టం సుమారుగా తెలిస్తే చాలు.

పెద్ద మోడల్ కావాలనే తాపత్రయం విద్యార్థులకు ఎక్కువ. ముప్ఫై గుణకాలున్న మోడల్‌కు రెండు గేజిలున్న నదీ బేసిన్‌ను ఇస్తే ఏ గుణకం ఎందుకు అలా వచ్చిందో ఎవరూ చెప్పలేరు. రోజువారీ ప్రవాహానికి జీఆర్4జే అనే చిన్న మోడల్ చాలు. ఫ్రాన్సులో తయారైంది, 2003లో ప్రచురితమైంది, నాలుగే గుణకాలు. నేలలో నిల్వ ఎంత, పక్క బేసిన్లతో ఇచ్చిపుచ్చుకోలు ఎంత, ఏటి మార్గంలో నిల్వ ఎంత, వాన ఏట్లోకి చేరడానికి పట్టే కాలం ఎంత. ఆర్ అనే ప్రోగ్రామింగ్ భాషలో ఎయిర్‌జీఆర్ అనే ప్యాకేజీలో సిద్ధంగా ఉంది. మొదటి ఏడాదిని మోడల్ వేడెక్కడానికి వదిలేయండి, ఎందుకంటే మొదటి రోజు నేలలో తడి ఎంతో మీకు తెలియదు. మిగతా ఏళ్లను రెండు భాగాలు చేసి, ఒక భాగంతో సరిచేసి, రెండో భాగంతో పరీక్షించండి. తర్వాత తారుమారు చేయండి. రెండు సార్లూ గుణకాలు ఒకదానికొకటి దగ్గరగా రాకపోతే మధ్యలో ఏదో మారిందని అర్థం. చాలాసార్లు మారినది బేసిన్ కాదు, రేటింగ్ కర్వే.

మార్కులు వేయడానికి నాష్-సట్‌క్లిఫ్ అంకె వాడతారు, 1970 నుంచి ఉంది. 1 వస్తే అచ్చంగా సరిపోయినట్టు, 0 వస్తే రోజూ సగటు ప్రవాహమే చెప్పినంత గొప్ప, అంతకు దిగితే సగటు కంటే కూడా అధ్వాన్నం. ఇది తేడాల వర్గాలను కూడుతుంది కాబట్టి నాలుగు పెద్ద వరదలే మార్కులన్నీ నిర్ణయిస్తాయి. వేసవి నీరు గురించి మోడల్ ఎంత అబద్ధం చెప్పినా 0.8 రావచ్చు. రబీ కోసమో తాగునీటి కోసమో మోడల్ చేసేవాళ్లు ప్రవాహపు లాగరిథం మీద ఈ అంకె మళ్లీ చూడండి. అక్కడ నిజం తెలుస్తుంది.

వరద ప్రయాణం గురించి ఒక చిన్న మాట, ఇందులో చాలామంది జారిపడతారు. ఒడిశా వైపు గుణుపూర్, కాశీనగర్ గేజిల దగ్గర పెరిగిన వంశధార గొట్టాకు ఎప్పుడు, ఎంతగా చేరుతుందో చెప్పడానికి మస్కింగం పద్ధతి వాడవచ్చు. ఒక నిడివికి ప్రయాణ కాలం 6 గంటలు, భార గుణకం 0.2 అనుకోండి. 3 గంటల మెట్టుతో లెక్కిస్తే మూడు గుణకాలూ 0.05, 0.43, 0.52 వస్తాయి, మొత్తం 1. బాగుంది. గంట గంటకూ డేటా ఉంది కదా అని 1 గంట మెట్టు పెడితే మొదటి గుణకం రుణ సంఖ్య అవుతుంది. అప్పుడు ఎగువన వరద మొదలవగానే దిగువన నీరు తగ్గినట్టు తెర మీద కనబడుతుంది. అది ఏటి గుణం కాదు, లెక్క తప్పు. ఆ నిడివిని 2 గంటల ప్రయాణం చొప్పున మూడు ముక్కలు చేస్తే సరిపోతుంది.

అంచనా వెలువరించే ముందు ఇంకొక దిద్దుబాటు తప్పనిసరి. ఈ గంటకు మోడల్ 800 క్యూమెక్కులు అంటోంది, గేజి 1,000 అంటోంది. ఈ 200 తేడాను అలా వదిలేసి ముందుకు పోకూడదు. గత తుపానుల్లో తేడా గంటకు ఎంత మేర నిలిచిందో చూస్తే సాధారణంగా ఒక నిష్పత్తి దొరుకుతుంది. అది 0.9 అనుకుంటే మూడు గంటల తర్వాత ఆ తేడాలో 146 మిగులుతుంది. మోడల్ మూడు గంటల అంచనాకు 146 కలపాలి. ఈ ఒక్క పనితో దగ్గరి గంటల అంచనా ఎంతో మెరుగవుతుంది. రేపటి అంచనా మాత్రం వాన అంచనా మీద ఆధారపడుతుంది. అందుకే ఒకే అంకె చెప్పకండి. ఇంత నుంచి ఇంత వరకు అని చెప్పండి. గేట్లు ఎత్తే ఇంజనీరుకు ఆ పరిధే కావాలి.

భూమి ఎత్తుల మ్యాపు గురించి కూడా. ఉచితంగా దొరికే ఎస్ఆర్‌టీఎం మ్యాపును 2000 ఫిబ్రవరిలో రాడార్‌తో కొలిచారు. తోటలున్న చోట ఆ రాడార్ నేలను కాదు, ఆకులను కొలిచింది. ఉద్దానం కొబ్బరి, జీడి తోటలన్నీ ఆ మ్యాపులో గుట్టల్లా ఉంటాయి, నీరు వాటి చుట్టూ తిరిగిపోతుంది. జాతీయ రహదారి 16, హౌరా-చెన్నై రైలు కట్ట అడ్డుగోడల్లా కనబడతాయి, కింద ఉన్న తూములూ వంతెనలూ మ్యాపుకు తెలియవు. కట్ట మీద నడిచి, ప్రతి తూము దగ్గరా జీపీఎస్ పాయింటు తీసుకుని, అక్కడ మ్యాపులో గండి కొట్టాలి. ఇది చేయకుండా చేసిన ముంపు మ్యాపును ఏ ఊరికీ చూపించవద్దు.

ఇక నూతి దగ్గరికి వద్దాం. ఇక్కడ నాకు కాస్త ఎక్కువ సమయం కావాలి.

మన రెండు జిల్లాల్లో చాలా భాగం ఖొండలైట్, చార్నొకైట్, గ్రానైట్ నైస్ లాంటి గట్టి రాళ్లు. పైన ఎర్రమట్టి, దాని కింద మెత్తబడిన మొరం, దాని కింద పగుళ్లున్న రాయి. నుయ్యి మొరంలో నీటిని చూస్తుంది, బోరు పగుళ్లలో నీటిని. తీరం వెంబడి, ఏటి వెంబడి మాత్రం ఇసుక. ఒకే ఊళ్లో నూతి మట్టం 4 మీటర్లు, బోరు మట్టం 15 మీటర్లు ఉండడం వింత కాదు. రెండూ కలిపి సగటు తీస్తే అది ఏ నీటికీ మట్టం కాదు.

పీజోమీటర్లలో, అంటే నీటి మట్టం కొలవడానికే వేసిన బోర్లలో, ఇప్పుడు ఆటోమేటిక్ రికార్డర్లు ఉన్నాయి. లోపల వేలాడే సెన్సార్ తన మీద ఉన్న ఒత్తిడి కొలుస్తుంది. కొన్ని సెన్సార్లకు గాలి గొట్టం ఉంటుంది, కొన్నిటికి ఉండదు. లేనివి నీటి బరువుతో పాటు గాలి బరువును కూడా కలిపి చూపిస్తాయి. గాలి ఒత్తిడి 1 హెక్టోపాస్కల్ తగ్గితే సెంటీమీటరు నీరు తగ్గినట్టు రాస్తుంది. తుపాను దగ్గరికొచ్చి ఒత్తిడి 30 హెక్టోపాస్కల్‌లు పడిపోతే, పైన కుండపోత వాన కురుస్తుండగా రికార్డర్ మాత్రం భూగర్భ జలం 30 సెంటీమీటర్లు దిగిందని పంపుతుంది. తుపాను దాటగానే ఒక్కసారి 30 సెంటీమీటర్లు పెరిగిందంటుంది, దాన్ని చూసి వాన ఇంకిందని ఎవరో రీఛార్జ్ లెక్క కట్టేస్తారు. పక్కన గాలి ఒత్తిడి కొలిచే సెన్సార్ ఒకటి పెట్టి, దాన్ని తీసివేయాలి. మూడు నెలలకోసారి టేపు దించి చేత్తో కొలిచి సరిపోల్చాలి. కొలిచేటప్పుడు పైపు అంచు నుంచా, నేల నుంచా అన్నది రాయాలి. పైపు నేల మీద 60 సెంటీమీటర్లు లేచి ఉంటే ఆ 60 ఎప్పటికీ లెక్కలో ఉండిపోతుంది.

మట్టం సరిగ్గా దొరికాక ఇంకిన నీరు ఎంతో చెప్పాలి. మే నుంచి నవంబర్‌కు నూతిలో 4 మీటర్లు పెరిగింది. రాయిలో నీరు పట్టే చోటు నూటికి 2 వంతులయితే ఇంకింది 80 మిల్లీమీటర్లు, 3 వంతులయితే 120. మన మొరంలో ఈ శాతం 1 నుంచి 3 మధ్య ఎక్కడైనా ఉండవచ్చు. అంటే మట్టాన్ని మిల్లీమీటర్ల దాకా కొలిచి, చివర్లో ఒక ఊహతో గుణిస్తున్నాం. భూగర్భ జల లెక్కలన్నిటిలో బలహీనమైన చోటు ఇదే.

తోడుతున్నదెంత? రైతును అడిగితే గంటలు చెబుతాడు, గంటలు నమ్మవచ్చు. 5 హెచ్‌పీ మోటారు, 30 మీటర్ల లోతు నుంచి, మొత్తం సామర్థ్యం 40 శాతం అనుకుంటే సెకనుకు 5 లీటర్లు, గంటకు 18 ఘనపు మీటర్లు. ఒక యూనిట్ కరెంటుకు సుమారు 4.9 ఘనపు మీటర్లు. వ్యవసాయ ఫీడర్ యూనిట్లు తెలిస్తే ఊరు మొత్తం తోడకం ఇలా చెప్పవచ్చు. వేసవిలో మట్టం దిగితే అదే యూనిట్‌కు తక్కువ నీరు వస్తుంది, అది కూడా లెక్కలో వేయండి.

ఇవన్నీ భూగర్భ జల ప్రవాహాన్ని లెక్కించే ప్రోగ్రాము మోడ్‌ఫ్లోకు ఇస్తాం. అమెరికా భూగర్భ శాస్త్ర సర్వే సంస్థ 1984లో తెచ్చింది, ఇప్పుడు వాడుతున్న ఆరో రూపం 2017లో వచ్చింది. పైథాన్‌లో ఫ్లోపై ప్యాకేజీ ద్వారా నడపవచ్చు. భూమిని గళ్లుగా కోసి, ఒక గడి నుంచి పక్క గడికి డార్సీ సూత్రం ప్రకారం నీరు ఎంత పోతుందో లెక్క కడుతుంది. మన పలచటి మొరం పొరలో వేసవికి గళ్లు ఎండిపోతాయి, పాత పద్ధతిలో ఎండిన గడి మళ్లీ తడవకుండా లెక్క చెదిరిపోయేది. న్యూటన్ పద్ధతి ఎంచుకోండి. ప్రతిసారీ నీటి పద్దు చూడండి. వచ్చినదానికీ పోయినదానికీ తేడా 1 శాతం దాటితే ఫలితం చూడవద్దు.

ఇప్పుడు నేను చెప్పదలచుకున్న అసలు విషయం. 50 చదరపు కిలోమీటర్ల గెడ్డ పరీవాహం తీసుకోండి. ఏటా 60 మిల్లీమీటర్లు ఇంకుతుంది, మొరంలో నీటి వాహకత, అంటే అది నీటిని ఎంత తేలిగ్గా పోనిస్తుందో చెప్పే అంకె, రోజుకు 1 మీటరు అని ఒకరు మోడల్ చేశారు. 120 మిల్లీమీటర్లు ఇంకుతుంది, వాహకత 2 మీటర్లు అని ఇంకొకరు చేశారు. నిలకడ లెక్కలో, అంటే మట్టం కాలంతో మారదనుకునే లెక్కలో, రెండు మోడళ్లూ నూతి మట్టాలు అచ్చం ఒకేలా చూపిస్తాయి. ఎన్ని నూతులు కొలిచినా ఎవరిది నిజమో తేలదు. కానీ నూతుల్లో తోడకం పెద్దగా లేదనుకుంటే, మొదటి మోడల్ ప్రకారం గెడ్డలోకి ఏడాది సగటున సెకనుకు 95 లీటర్లు ఊరాలి, రెండోదాని ప్రకారం 190. గెడ్డకు అడ్డంగా 90 డిగ్రీల వీ ఆకారపు గాటు కోసిన ఇనుప పలక పెడితే, 95 లీటర్లకు గాటులో నీరు 34 సెంటీమీటర్ల ఎత్తున పారుతుంది, 190కి 45 సెంటీమీటర్లు. ఆ 11 సెంటీమీటర్ల తేడాను పొలంలో పనిచేసే ఎవరైనా స్కేలుతో చదవగలరు. ఏరు కొలవకుండా నూతి లెక్క తేలదు, నూతి తెలియకుండా వేసవి ఏటి లెక్క తేలదు. శాఖలు వేరు కావచ్చు, నీరు ఒకటే.

దీని నుంచి రబీకి ఒక తేలిక అంచనా కూడా వస్తుంది, కంప్యూటర్ లేకపోయినా చేయవచ్చు. వానలు వెనక్కి తగ్గాక ఏరు రోజుకింత నిష్పత్తిలో తగ్గుతుంది. గత ఏళ్ల డిసెంబర్ ప్రవాహాలు చూస్తే ఆ నిష్పత్తి దొరుకుతుంది. అది 0.97 అనుకుందాం. డిసెంబర్ 1న 10 క్యూమెక్కులుంటే 31న 4 ఉంటుంది. ఆ నెలలో వచ్చే మొత్తం నీరు సుమారు 1 కోటి 75 లక్షల ఘనపు మీటర్లు, అంటే 0.6 టీఎంసీ. ఎన్ని ఎకరాలకు నీరివ్వగలమో నవంబర్ చివరి సమావేశంలోనే చెప్పవచ్చు. మధ్యలో వాన పడితే అది అదనం.

తీరం గురించి క్లుప్తంగా. భోగాపురం, పూసపాటిరేగ నుంచి సోంపేట దాకా ఇసుకలో మంచినీరు ఉప్పునీటి మీద తేలుతుంది. సముద్ర మట్టానికి పైన మంచినీరు 1 మీటరుంటే కింద సుమారు 40 మీటర్ల దాకా మంచినీరు. పైన అర మీటరు తోడేస్తే కాలక్రమంలో కింద 20 మీటర్లు పోతుంది. వెంటనే కాదు, అందుకే మోసపోతాం. అక్కడ మట్టంతో పాటు, నీటిలో ఉప్పు ఎంతో తెలిపే విద్యుత్ వాహకత కూడా నెలనెలా కొలవాలి.

ఇక ప్రశ్నలు.

ప్రశ్న (ఒక విద్యార్థిని): సార్, ఇప్పుడు ఎల్ఎస్‌టీఎం లాంటి కృత్రిమ మేధ మోడళ్లే మేలంటున్నారు. ఇవన్నీ నేర్చుకోవాలా?

జవాబు: నేర్చుకో అమ్మా, అవి నిజంగానే బాగా పనిచేస్తున్నాయి. ఒక్క బేసిన్ డేటాతో కాకుండా వందల బేసిన్లతో శిక్షణ ఇచ్చినప్పుడు ఇంకా బాగా చేస్తాయి. కానీ శిక్షణలో ఎన్నడూ చూడనంత వరద వస్తే అవి చూసినదాని దగ్గరే ఆగిపోయే ప్రమాదం ఉంది. వాటికి నువ్విచ్చే ప్రవాహం కూడా రేటింగ్ కర్వ్ నుంచి వచ్చినదే. 6 మీటర్ల దగ్గర కర్వ్ తప్పితే ఆ తప్పునే శ్రద్ధగా నేర్చుకుంటాయి.

ప్రశ్న (ఒక రైతు): బాబూ, మా ఊరి గెడ్డలో ఆ ఇనుప పలక మేమే పెట్టుకోవచ్చా?

జవాబు: తప్పకుండా పెట్టుకోవచ్చండి. వానలు ఆగి, డిసెంబర్‌లో నీరు తేటపడ్డాక పెట్టండి. వరద కాలానికి ముందే తీసేయండి, లేకపోతే కొట్టుకుపోతుంది. పలక నిలువుగా ఉండాలి, గాటు అంచు పదునుగా ఉండాలి. పక్కల నుంచీ కింద నుంచీ నీరు కారకుండా బంకమట్టి బాగా దట్టించాలి. గాటు దాటిన నీరు విడిగా కిందికి దూకాలి, అవతలి నీరు గాటు దాకా లేవకూడదు. స్కేలు మాత్రం పలకకే అంటించకండి. గాటు దగ్గరికొచ్చేసరికి నీరు వంగి దిగుతుంది, అక్కడ చదివితే తక్కువ వస్తుంది. ఎగువన రెండు మీటర్ల దూరంలో ఒక కర్ర పాతి, దాని సున్నా గాటు అడుగు మట్టానికి సమానంగా ఉండేలా గొట్టంలో నీళ్లు పోసి సరిచూసి, అక్కడ చదవండి. వారానికి రెండుసార్లు, పొద్దున మోటార్లు వేయకముందు. తేదీ, గంట, సెంటీమీటర్లు, అంతే రాయండి. గాటుకు ఆకులు పట్టుంటే ముందు తీసి, నీరు సర్దుకునే దాకా పావుగంట ఆగి చదవండి.